పక్షవాతం తర్వాత ఫిజియోథెరపీ: పెద్దాసుపత్రిలోనా, ఇంట్లోనా?

35 ఏళ్ల మనిషికి పక్షవాతం వస్తే ఇంట్లో మొదటి ప్రశ్న, మళ్లీ పనికి ఎప్పుడు పోతాడని. ఎక్కువ మెరుగు కనిపించేది మొదటి 3 నెలల్లోనే. కాబట్టి కోడుమూరు నుంచి కర్నూలు పెద్దాసుపత్రికి తిరగాలా, ఇంటికే ఫిజియోథెరపిస్టును పిలిపించుకోవాలా అన్నది త్వరగా తేల్చుకోవాలి.

ఆసుపత్రిలో పట్టుకుని నడిచే కడ్డీలుంటాయి, డాక్టరు బీపీ, షుగరు చూస్తారు, మాట తడబడుతుంటే స్పీచ్ థెరపీ గురించి అడగొచ్చు. కానీ బస్సు ప్రయాణానికే ఒళ్లు హూనమవుతుంది. ఈ జబ్బు తెచ్చే అలసట నిద్రపోయినా తీరదు. పైకి కనిపించదు కాబట్టి ఇంట్లోవాళ్లు బద్ధకం అనుకుంటారు. పాపం, ఆ మాటే అతన్ని ఎక్కువ కుంగదీస్తుంది.

ఇంట్లో అయితే తన గడప దాటడం, తన చొక్కా గుండీలు పెట్టుకోవడమే సాధన. రేపు కావలసిందీ అదే. చిక్కేమిటంటే, ఫిజియోథెరపిస్టు వెళ్లగానే మిగతా రోజంతా మంచమే. పైగా ప్రేమకొద్దీ పడిపోయిన చెయ్యి పట్టి లేపుతారు, భుజం కీలు జారే ప్రమాదం ఉంది. ఎలా లేపాలో అడిగి నేర్చుకోండి.

నేనైతే మొదటి నెలల్లో ఆసుపత్రికే ఓటేస్తాను, అక్కడ నేర్చుకున్నది రోజూ ఇంట్లో చేయిస్తూ. దిగులు వారాల తరబడి వదలకపోతే అదీ డాక్టరుకు చెప్పండి. పక్షవాతం వచ్చినవాళ్లలో దాదాపు ముగ్గురిలో ఒకరికి డిప్రెషన్ వస్తుంది, దానికి వైద్యం ఉంది.