ఎయిర్‌పోర్ట్ (1970): నా టెన్షన్ అంతా ఆ రన్‌వే మీదే

విమానంలో బాంబు సినిమా కదా, రెండు గంటలూ ఆకాశంలోనే ఉంటుందనుకుని పెట్టాను. బరంపురంలో పాత డీవీడీలు అమ్మే షాపులో దొరికింది, ఆదివారం మధ్యాహ్నం పర్లాకిమిడిలో మా ఇంట్లో నాన్నతో కలిసి చూశాను. నాన్న మా నౌపడ-గుణుపూర్ రైల్వే లైన్లో పాయింట్స్‌మన్‌గా (రైళ్ల కోసం పట్టాలు మార్చే పని) చేసి రిటైరయ్యారు. ఇంగ్లీషు అంతగా రాదు కాబట్టి మొదట్లో నేను పక్కన చెబుతూ ఉన్నాను. కాసేపటికి ఆయనే "ఒక బండి లైను మీద ఇరుక్కుపోయింది, వెనకొచ్చేదానికి లైన్ క్లియర్ లేదు, అంతేగా?" అన్నారు. అంతే, కథ మొత్తం అదే!

షికాగో దగ్గర లింకన్ అని ఒక ఎయిర్‌పోర్టు (సినిమా కోసం పెట్టిన పేరు, షూటింగ్ జరిగింది మినియాపొలిస్‌లో), రాత్రి, మంచు తుఫాను. దిగిన బోయింగ్ 707 ఒకటి మలుపు తిరగబోయి మంచులో కూరుకుపోతుంది, పెద్ద రన్‌వే మూతపడుతుంది. రెండో రన్‌వే వాడితే చప్పుడు భరించలేక పక్క కాలనీవాళ్లు గొడవకు దిగుతారు. మేనేజర్‌గా బర్ట్ లాంకాస్టర్ వీటి మధ్య నలిగిపోతుంటే, అదే రాత్రి రోమ్ వెళ్లే విమానంలోకి ఒకతను బ్రీఫ్‌కేసులో బాంబు పెట్టుకుని ఎక్కుతాడు. అతను రాక్షసుడేం కాదు, పని పోయి, చేతిలో పైసా లేక, తాను చస్తే ఇన్సూరెన్స్ డబ్బులైనా భార్యకు వస్తాయని అనుకున్న మనిషి. వాన్ హెఫ్లిన్ ఆ పాత్రను ఎంత బాగా చేశాడంటే, ఆ బ్రీఫ్‌కేసును ఒళ్లో పెట్టుకుని చెమటలు పడుతూ కూర్చున్నప్పుడు అతన్ని చూస్తే భయం, జాలి రెండూ ఒకేసారి వేస్తాయి. భార్యగా చేసిన మౌరీన్ స్టేపుల్టన్, చివర్లో దిగి వస్తున్న ప్రయాణికుల ముందు నిలబడి క్షమించమని అడుగుతుంటే మా అమ్మ వంటగదిలోంచి వచ్చి నిలబడిపోయింది, కళ్లు తుడుచుకుంది.

హెలెన్ హేస్ గురించి చెప్పాలి. టికెట్ లేకుండా విమానాలెక్కే ముసలావిడ, తీరా చూస్తే బాంబు ఉన్నవాడి పక్క సీట్లోనే కూర్చుంటుంది. సినిమాకు 10 ఆస్కార్ నామినేషన్లు వస్తే గెలిచింది ఈమె ఒక్కతే. సర్వీసులో టికెట్ లేనివాళ్లను ఎందరినో చూసిన నాన్నకు కూడా ఈమె తెగ నచ్చేసింది.

కానీ నేను కదలకుండా చూసింది మాత్రం జార్జ్ కెనడీ చేసిన పట్రోనీని. మెకానిక్ మనిషి, ఇంట్లోంచి పిలిపిస్తే వస్తాడు, మంచు తవ్విస్తాడు, అరుస్తాడు. పైన బాంబు పేలి, వెనకభాగం చిరిగిపోయిన విమానం తిరిగొస్తోంది, ఆ పొడవైన రన్‌వే తప్ప వేరే దారి లేదు. టైము దాటితే ఇరుక్కున్న విమానాన్ని పక్కకు నెట్టేయడానికి మంచు తోసే బండ్లు వరసగా నిలబడి ఉన్నాయి. అతను మాత్రం ఇరుక్కున్న విమానం కాక్‌పిట్లో కూర్చుని ఇంజిన్లకు పూర్తి పవర్ ఇచ్చేస్తాడు. 2018 అక్టోబరులో తిత్లీ తుఫాను వచ్చి పోయాక మా వీధి చివర పడిపోయిన చెట్టును వానలో రంపాలతో కోసి దారి చేసిన కుర్రాళ్లే గుర్తొచ్చారు నాకు. వాళ్ల పేర్లు కూడా మేం అడగలేదు.

తర్వాత ల్యాండింగ్. రాడార్ చూస్తూ ఒకతను ఎటు తిరగాలో, ఎత్తు ఎంత తగ్గాలో పైలట్లకు నెమ్మదిగా చెబుతూ ఉంటాడు, గొంతులో కంగారు లేదు. నాన్న టీ తాగడం మానేసి "రైల్వే కంట్రోల్ ఫోన్లో ఇలాగే మాట్లాడాలి, మనం కంగారు పడితే అవతలివాడు ఇంకా కంగారు పడతాడు" అన్నారు.

లోపాలున్నాయి. మొదటి గంట బాగా నిదానం, మేనేజరు ఇంటి గొడవలు, పైలట్ డీన్ మార్టిన్‌కీ ఎయిర్‌హోస్టెస్‌కీ మధ్య వ్యవహారం చాలా సాగుతాయి, ఆడవాళ్లకు రాసిన మాటలు చాలాచోట్ల పాతబడిపోయాయి. 137 నిమిషాల్లో ఇరవై తీసేయొచ్చు. ఫోన్లో మాత్రం చూడకండి, దర్శకుడు జార్జ్ సీటన్ ఫోన్లో మాట్లాడుకునేవాళ్లందరినీ తెరను ముక్కలు చేసి పక్కపక్కనే చూపిస్తాడు, చిన్న తెర మీద మొహాలు కనబడవు. ఇది 70 ఎమ్ఎమ్‌లో తీసిన సినిమా, టీవీలోనే చూడాలి. ఆల్‌ఫ్రెడ్ న్యూమన్ సంగీతం, ఆయన చివరి సినిమా ఇదే, మొదట్లో టైటిల్స్ దగ్గర సౌండ్ పెంచుకోండి.

నా రేటింగ్ 5కి 4. దీనికి కొనసాగింపుగా 1974, 77, 79ల్లో మరో మూడు సినిమాలు వచ్చాయి. అవి ఇంకా చూడలేదు. నాన్న అయితే అవేవీ వద్దని, పట్రోనీ ఇంజిన్లకు పూర్తి పవర్ ఇచ్చే సీనే మళ్లీ పెట్టమన్నారు, రెండుసార్లు పెట్టాను.