మికా మిల్లిలా జీవితం: డాక్యుమెంటరీనా, బయోపిక్కా?

ఫిన్లాండ్ క్రాస్ కంట్రీ స్కీయర్ మికా మిల్లిలా కథ తెరకెక్కించాలంటే మొదటి చిక్కు ఇదే.

ఖర్చు: డాక్యుమెంటరీకి పాత టీవీ ఫుటేజీ హక్కులు కొనాలి. బయోపిక్‌కి మంచు, జనం, 90ల నాటి స్కీలు, దుస్తులు అన్నీ మళ్లీ పుట్టించాలి. ఇదే ఎక్కువ.

శ్రమ: 1998 నాగానో ఒలింపిక్స్‌లో 30 కి.మీ. స్వర్ణం, 1999లో ఆస్ట్రియాలోని రామ్‌సావులో మూడు ప్రపంచ టైటిళ్లు. ఇవన్నీ కెమెరాకు చిక్కినవే, డాక్యుమెంటరీకి వెతుక్కుంటే చాలు. బయోపిక్‌లో నటుడికి ముందు స్కీయింగ్ రావాలి. చిత్తడి నేలల్లో దిగబడుతూ మిల్లిలా చేసిన సాధన మాత్రం సినిమా కోసమే పుట్టినట్టుంటుంది!

రిస్క్: అసలు టెన్షన్ ఇక్కడే. 2001లో సొంతగడ్డ లాహ్తిలో జరిగిన ప్రపంచ పోటీల్లో, రక్తంలోని ప్లాస్మా (ద్రవభాగం) పరిమాణం పెంచే నిషేధిత మందుతో ఆరుగురు ఫిన్లాండ్ స్కీయర్లు దొరికారు, అందులో ఆయనొకడు. రెండేళ్ల నిషేధం. 90ల్లో ఈపీఓ (ఎర్ర రక్తకణాలు పెంచే మందు) వాడానని 2011లో ఒప్పుకున్నాడు, అదే ఏడాది 41 ఏళ్లకే చనిపోయాడు. డాక్యుమెంటరీలో తోటివాళ్లు నోరు విప్పకపోతే కథ ఆగిపోతుంది. బయోపిక్ ఆ ఖాళీలను ఊహతో నింపుతుంది, కుటుంబానికి అది గుచ్చుకోవచ్చు.

డోపింగ్ ఎలా నడిచిందో చెప్పాలంటే డాక్యుమెంటరీయే నయం. పతకాలు పోయాక ఇంట్లో ఒంటరిగా కూర్చున్న మనిషిని చూపాలంటే, నా ఓటు బయోపిక్‌కే. అక్కడ ఏ కెమెరా లేదు మరి.