క్లైవ్ ఊళ్లలో మూడు రోజులు: ష్రూస్‌బరీ, మోర్టన్ సే, పోవిస్ కోట

మాది పిఠాపురం దగ్గర. పక్కనే ఉన్న చందుర్తిలో 1758 డిసెంబర్‌లో ఇంగ్లీషు సేన ఫ్రెంచివాళ్లను ఓడించింది. విజయనగరం రాజు ఆనందగజపతి సాయం కోరితే ఆ సేనను బెంగాల్ నుంచి పంపింది అక్కడ ఈస్టిండియా కంపెనీ పెద్దగా ఉన్న రాబర్ట్ క్లైవ్. ఈ కథ నాన్నగారి నోట ఎన్నిసార్లు విన్నానో! ఆయన బర్మింగ్‌హామ్‌లో మా ఇంటికి వచ్చినప్పుడు, క్లైవ్ సొంత ఊళ్లు చూసొద్దామని బయల్దేరాం.

ష్రూస్‌బరీ రైల్లో దాదాపు గంట. నది ఒడ్డున పాత కర్ర ఇళ్లతో అందమైన ఊరు. నడిబజారులో క్లైవ్ విగ్రహం ఉంది, 1860లో పెట్టింది. 1761 నుంచి చనిపోయేదాకా ఈ ఊరి ఎంపీ ఆయనే. 2020లో ఆ విగ్రహాన్ని తీసేయమని పెద్ద గొడవే జరిగింది, కానీ కౌన్సిల్ ఉంచేసింది.

బస మాత్రం ఇబ్బంది పెట్టింది. మొదటి అంతస్తు గది ఇస్తామని, తీరా వెళ్లాక మూడోది ఇచ్చారు. లిఫ్ట్ లేదు, ఇరుకు మెట్లు. నాన్నగారి మోకాళ్లు చూసి కూడా మార్చలేదు. పెద్దవాళ్లతో వెళ్తే ముందే ఫోన్ చేసి ఖాయం చేసుకోండి.

క్లైవ్‌ను పాతిపెట్టిన మోర్టన్ సే పల్లెకు దగ్గరి ఊరు మార్కెట్ డ్రేటన్. అక్కడికి రైలు లేదు. బస్సులో వెళ్లి, అక్కడి నుంచి మోర్టన్ సేకు ట్యాక్సీ మాట్లాడుకున్నాం. అది యాభై నిమిషాలు రాలేదు. సన్నని జల్లు, చలి, నాన్నగారు తడుస్తారని నాకు టెన్షన్. చివరికి చేరాం. చిన్న పల్లె చర్చి. అక్కడి ఫలకం మీద పుట్టిన తేదీ 1725 సెప్టెంబర్ 29, చనిపోయింది 1774 నవంబర్ 22, కింద లాటిన్‌లో ‘ప్రైమస్ ఇన్ ఇండిస్’. అంటే ఇండియాలో మొదటివాడు. ఈ గోడల లోపలే పాతిపెట్టారని ఉంది గానీ సమాధి రాయి లేదు. ప్లాసీ యుద్ధం తర్వాత బెంగాల్ కొత్త నవాబు దగ్గర ఒక్కసారే 2,34,000 పౌండ్లు పుచ్చుకున్న మనిషి! నాన్నగారు ఆ ఫలకం ముందు చాలాసేపు నిలబడ్డారు. ఈ యాత్రలో నాకు బాగా నచ్చిన చోటు ఇదే. వెళ్లే ముందు చర్చి తెరిచి ఉంటుందో లేదో కనుక్కోండి.

ఆ డబ్బుతోనే ఆయన ఈ చుట్టుపక్కల భూములు కొన్నాడు. వాల్కాట్ ఎస్టేట్ కొంటే బిషప్స్ కాజిల్ పార్లమెంటు సీట్ల మీద పట్టు కూడా చేతికొచ్చింది. భూమి ఎవరిదో ఓటూ వాళ్లదే అన్న కాలం. ఇప్పుడు ఆ ఎస్టేట్‌లోని బంగళాను పెళ్లిళ్లకూ, సెలవుల బసకూ అద్దెకిస్తారు. మేం దిగలేదు, దిగాలని మనసు రాలేదు.

మూడో రోజు వేల్స్‌లోని పోవిస్ కోట. వెల్ష్‌పూల్ స్టేషన్ నుంచి మైలు పైన నడక, అదీ ఎక్కుడే. ఎర్రరాతి కోట, మెట్లు మెట్లుగా దిగే తోట, దారిలో నెమళ్లు. క్లైవ్ కొడుకు ఎడ్వర్డ్ 1784లో ఈ ఇంటి ఆడపడుచు హెన్రియెటాను పెళ్లాడాడు, తర్వాత మద్రాసు గవర్నరయ్యాడు. 1799లో శ్రీరంగపట్నం పడ్డాక టిప్పు గుడారం, ఆయన సింహాసనం మీది బంగారు పులితల ఇక్కడికి చేరాయి. నిర్వహణ, పాత కట్టడాలను కాపాడే నేషనల్ ట్రస్ట్ అనే సంస్థది. సిబ్బంది ఓపిగ్గా చెబుతారు, నాన్నగారికి అడక్కుండానే కుర్చీ వేశారు. సగం రోజు చాలదు, ఉదయమే వెళ్లండి.

గుడారం నూలు గుడ్డ మీద కూజాలు, వాటిలోంచి లేచిన ఎర్ర పూలు. అమ్మ కలంకారీ చీర గుర్తొచ్చి గొంతు పట్టేసింది.

“ఒరేయ్, మన సర్కారు జిల్లాల ఫర్మానా 1765లో మొగల్ పాదుషా షా ఆలం దగ్గర పుచ్చుకున్నదీ ఈయనే కదా?” అన్నారు నాన్నగారు.

“అవును నాన్నా.”

“మరి ఇక్కడ ఎక్కడా రాయలేదేం?” అంటూ మళ్లీ మొదటి అద్దాల పెట్టె దగ్గరికి వెళ్లి, ఒక్కో చీటీ చదవడం మొదలుపెట్టారు.