ట్యాబ్ కొనబోయేవారికి హెచ్చరిక: తీసేసినా పోని ఆటలు, ఖాళీ కాని స్టోరేజీ

తక్కువ ధరకు దొరుకుతోంది కదా అని పిల్లల చదువు కోసం 32 జీబీ ట్యాబ్ కొనబోతున్నవారు డబ్బు కట్టే ముందు ఒకసారి ఇది చదవవలసిందిగా కోరుతున్నాను. కంపెనీ పేరు, అమ్మిన సైటు పేరు ఇక్కడ రాయడం లేదు. నా ఫిర్యాదు ఇంకా నడుస్తోంది. పైగా ఈ తంతు ఆ ఒక్క కంపెనీకే పరిమితం కాదని నాకు తరవాత తెలిసింది.

మాది తెనాలి. 2022 డిసెంబరులో రాష్ట్ర ప్రభుత్వం ప్రభుత్వ పాఠశాలల ఎనిమిదో తరగతి పిల్లలకు ట్యాబ్‌లు ఇచ్చిన దగ్గరనుంచి, ప్రైవేటు బడిలో చదివే మా అబ్బాయి తనకూ ఒకటి కావాలని అడుగుతూనే ఉన్నాడు. వాడు పదో తరగతికి వచ్చిన వేసవిలో, బడివాళ్లు కూడా పాఠాల వీడియోలు పంపుతామని చెప్పడంతో, ఆన్‌లైన్‌లో 9,499 రూపాయలు పెట్టి ఒకటి తెప్పించాను. అట్టపెట్టె మీద పెద్ద అక్షరాలతో 32 జీబీ అని ఉంది. దాని పక్కన చిన్న చుక్క గుర్తు, పెట్టె అడుగున ఆ గుర్తుకు వివరణగా ‘వాడుకోగలిగిన స్థలం ఇంతకన్నా తక్కువ ఉండవచ్చు’ అని భూతద్దంతో చదవవలసినంత సన్నటి అక్షరాల్లో ఒక వాక్యం ఉన్నాయి. ఆ వాక్యాన్ని నేను చదివినది మూడు నెలల తరవాత, ఫిర్యాదు రాయడానికి పెట్టెను అటక మీదినుంచి దింపినప్పుడు.

మొదటి రాత్రి ట్యాబ్ తెరిచి చూస్తే ఖాళీ స్థలం 15.2 జీబీ మాత్రమే ఉంది. మేము ఒక్క యాప్ కూడా వేయకముందే సగానికి పైగా నిండిపోయి ఉందన్నమాట. వారం తిరిగేసరికి, అప్పటికే లోపల ఉన్న యాప్‌లు తమంతట తాము అప్‌డేట్ అయి, ఆ ఖాళీ 10.9 జీబీకి దిగింది. బడి యాప్, పాఠ్యపుస్తకాల మీది క్యూఆర్ కోడ్‌లు తెరవడానికి దీక్షా యాప్, మావాడు వేసుకున్న రెండు ఆటలు, ఒక నెల పాఠాల వీడియోలు చేరాక, రెండో నెలలో ‘స్టోరేజీ దాదాపు నిండిపోయింది’ అనే హెచ్చరిక రావడం మొదలైంది. గణితం పాఠం తెరవబోతే తెరుచుకోదు, ఫొటో తీస్తే నిలవదు.

ఇక్కడ ఒక లెక్క చెప్పాలి, ఎందుకంటే అన్నిటినీ మోసం కింద జమకట్టడం న్యాయం కాదు. తయారీదారులు జీబీ అంటే వంద కోట్ల బైట్లు అని లెక్కగడతారు. వెయ్యికి బదులు 1024 లెక్కన కొలిస్తే అదే 32 జీబీ 29.8గా కనిపిస్తుంది. ఆ తేడా ఏ కంపెనీ పరికరంలోనైనా ఉండేదే. ట్యాబ్‌ను నడిపే ఆండ్రాయిడ్‌కు తన కోసం కొంత చోటు కావడం కూడా సహజమే. నా అభ్యంతరం ఆ రెండింటి మీద కాదు, మేము అడగని పదకొండు ఆటల మీద. తెర మీద ‘మీకు నచ్చేవి’ అన్న పేరుతో ఒక సంచిలాంటి గుర్తు ఉంది. దాన్ని తాకితే చాలు, రంగురాళ్లు పేర్చే ఆట, పేకాట, బండ్ల పందెం, బుడగలు పేల్చే ఆట, ఇంకా ఏవేవో బయటికి వస్తాయి.

సరే, వాటిని తీసేస్తే సరిపోతుంది కదా అని ఒక ఆదివారం పొద్దున కూర్చున్నాను. సాయంత్రానికి నాకు అర్థమైనది ఏమిటంటే, ఆ పదకొండూ ఒకే జాతివి కావు. నాలుగు అసలు ఆటలే కావు, వట్టి గుర్తులు. తాకిన తరవాతే ఆట దిగుమతి అవుతుంది, కనుక వాటిని తీసినందువల్ల కలిసివచ్చే చోటంటూ ఏమీ లేదు. మూడింటిని నొక్కి పట్టుకుంటే అన్‌ఇన్‌స్టాల్ అనే మాట కనిపించింది. ఆ మూడూ పోయి 445 ఎంబీ మిగిలింది. తక్కిన నాలుగింటికి ఆ మాటే లేదు, డిజేబుల్ అని, అంటే పనిచేయకుండా ఆపి ఉంచమని, మాత్రమే ఉంది. ఆ నాలుగింటి అప్‌డేట్లు తొలగించి, డేటా తుడిచి, డిజేబుల్ చేస్తే 620 ఎంబీ వచ్చింది. రోజంతా కూర్చున్న కష్టానికి దక్కినది ఒక జీబీ పైచిలుకు.

ఎందుకిలా అని తెలిసినవారిని అడిగి తెలుసుకున్నది కాస్త వివరంగా రాస్తాను, ఎందుకంటే చాలామంది మోసపోయేది సరిగ్గా ఇక్కడే. ట్యాబ్‌లోని స్టోరేజీ మొత్తం ఒకే గది కాదు. అందులో ఆండ్రాయిడ్ ఉండే సిస్టమ్ విభాగం వేరు, మన ఫొటోలూ మన యాప్‌లూ ఉండే విభాగం వేరు. సిస్టమ్ విభాగం చదవడానికే తప్ప మనం రాయడానికీ చెరపడానికీ వీలు లేకుండా తాళం వేసి ఉంటుంది. తయారీదారు తనకు డబ్బిచ్చిన ఆటలను ఆ తాళం వేసిన భాగంలో పెట్టి పంపితే, వాటిని మనం నిద్రపుచ్చగలమే గాని బయటికి పంపలేము. ఒకవేళ ఏదో విధంగా తుడిచినా ఆ చోటు మన వాటాలోకి రాదు. గోడలో కట్టిన గూట్లోంచి సామాను తీసేసినంత మాత్రాన గది వెడల్పు కాదు కదా. కంప్యూటర్‌కు తగిలించి ఆదేశాలు ఇచ్చి తీసేయవచ్చని మా మేనల్లుడు చేసి చూపించాడు. ఆటలు కంటికి కనిపించకుండా పోయిన మాట నిజం, కాని ఖాళీ స్థలం అంకె మాత్రం కదల్లేదు. వాడు మాయం చేసింది మా ఖాతాకు మాత్రమే. అసలు ప్రతి సిస్టమ్ విభాగంలో ఎక్కడిదక్కడే ఉంది.

తీయడానికి వీలైన ఆ మూడు ఆటల కథ కూడా అంతటితో ముగియలేదు. తరవాత ఒకసారి ట్యాబ్ మొరాయిస్తే ఫ్యాక్టరీ రీసెట్ చేశాము, అంటే అన్నీ తుడిచి కొన్ననాటి స్థితికి తెచ్చాము. మూడూ మళ్లీ ప్రత్యక్షమయ్యాయి. మనం వాడేది నకలు, దాని అసలు తాళంలో భద్రంగా ఉంటుంది, రీసెట్ అయినప్పుడల్లా కొత్త నకలు బయటికి వస్తుంది. రీసెట్ తరవాత వచ్చే మొదటి తెరల్లో ‘ఈ యాప్‌లు కూడా వేయమంటారా’ అని ముందే టిక్కులు పెట్టి ఉన్న జాబితా ఒకటి వస్తుంది. తొందరలో ‘సరే’ నొక్కేస్తే ఇంకో నాలుగు ఆటలు దిగుతాయి. మొదటిసారి మావాడు నొక్కింది అదేనని ఇప్పుడు నా అనుమానం.

నేను చేసిన పెద్ద పొరపాటు ఆ తరవాతది. ‘చెత్త తొలగించి స్టోరేజీ రెట్టింపు చేస్తాము’ అన్న ప్రకటన చూసి ఒక క్లీనర్ యాప్ వేశాను. స్టోరేజీ రెట్టింపు కావడం అసాధ్యమని ఒక్క నిమిషం ఆలోచిస్తే తెలిసేది, ఆలోచించలేదు. అది అన్ని ఫైళ్లూ చూసేందుకు అనుమతి అడిగింది, ఇచ్చాను. ఎర్రటి అక్షరాల్లో ‘4.8 జీబీ చెత్త’ అని చూపించింది, మూడు రోజులు ఉచితమంటే, ఖాతాలోంచి చందా దానంతట అదే కట్ అయ్యే యూపీఐ ఆటోపేకు ఒప్పుకున్నాను. తుడిచింది ఎంత అని సెట్టింగ్స్‌లో చూస్తే 300 ఎంబీ కూడా లేదు, అదీ యాప్‌లు తాత్కాలికంగా దాచుకునే ఫైళ్లే (క్యాష్). వారం తిరిగేసరికి మళ్లీ పోగైంది. కోపంతో ఆ యాప్‌ను తీసేశాను. అయినా నెలకు 299 చొప్పున రెండుసార్లు డబ్బు పోయింది. యాప్‌ను తీసేసినంత మాత్రాన చందా రద్దు కాదు. ప్లే స్టోర్‌లోని చందాల పేజీలోనో యూపీఐ యాప్‌లోని ఆటోపే జాబితాలోనో విడిగా రద్దు చేయాలి. రిజర్వు బ్యాంకు నిబంధన ప్రకారం డబ్బు తీసుకునే ముందు కనీసం 24 గంటలు ముందుగా సందేశం రావాలి. వచ్చింది కూడా, ప్రకటనల సందేశాల మధ్య నేనే చూడలేదు. పిల్లల ఆటల్లోని చందాలకూ ఇదే వర్తిస్తుందని గుర్తుంచుకోండి.

మా వీధి చివరి రిపేరు దుకాణంలో 800 రూపాయలు ఇస్తే రూట్ చేసి, అంటే సిస్టమ్ విభాగం తాళం తీసి, అన్నీ పీకేస్తామన్నారు. వారంటీ సంగతేమిటని అడిగితే ‘పోతుందండీ, అయినా చవక ట్యాబ్‌కు వారంటీ ఎవరు చూస్తారు’ అన్నాడు ఆ కుర్రాడు. రూట్ చేసిన పరికరాల్లో చాలా బ్యాంకు యాప్‌లు పనిచేయవు. నేను ఒప్పుకోలేదు.

అసలు చోటు తింటున్నది ఏదో చివరికి సెట్టింగ్స్‌లోని స్టోరేజీ పేజీలో యాప్‌లను పరిమాణం ప్రకారం వరస పెడితే తెలిసింది. మావాడు స్వయంగా వేసుకున్న కారు పందేల ఆట ఒక్కటే 2.7 జీబీ. ప్లే స్టోర్‌లో దాని పరిమాణం తక్కువగానే చూపుతుంది, కాని తెరిచిన తరవాత ట్రాకులనీ బొమ్మలనీ విడిగా దింపుకుంటుంది. వాడు అంతకుముందే దాన్ని ‘తీసేశాను’ అని నాతో చెప్పి ఉన్నాడు. తీసింది తెర మీది గుర్తును మాత్రమే. గుర్తును లాగి పైన ‘రిమూవ్’ అన్నచోట వదిలితే తెర శుభ్రపడుతుందే తప్ప ఆట లోపల అలాగే ఉంటుంది. కొన్ని ట్యాబ్‌లలో ‘రిమూవ్’, ‘అన్‌ఇన్‌స్టాల్’ అన్న రెండు మాటలూ పక్కపక్కనే ఉంటాయి కనుక పెద్దవాళ్లం కూడా పొరబడతాము.

దానితోపాటు వాడి క్రికెట్ ఆటను కూడా నేనే తీసేశాను, అడగకుండా. దాన్ని వాడు గెస్ట్‌గా ఆడుతున్నాడనీ, ఏ ఖాతాతోనూ ముడిపెట్టలేదనీ నాకు తెలియదు. అన్నాళ్లూ ఆడి పేర్చుకున్న జట్టు మొత్తం పోయింది. రెండు రోజులు నాతో మాట్లాడలేదు. ఆట తీసేముందు దాని సెట్టింగ్స్‌లో ఖాతాకు కలిపి ఉందో లేదో చూడండి. ప్లే స్టోర్‌లో 2023 నుంచి ఆర్కైవ్ అనే సదుపాయం ఉంది. గూగుల్ మాట ప్రకారం యాప్ ఆక్రమించిన చోటులో దాదాపు 60 శాతం ఖాళీ చేస్తుంది, వాడుకరి సమాచారాన్ని మాత్రం ఉంచుతుంది. ఆ సంగతి నాకు ముందే తెలిసి ఉంటే ఇంట్లో ఆ గొడవ ఉండేది కాదు.

మెమరీ కార్డు వేస్తే సరిపోతుందని అమ్మకందారులు చెబుతారు. నేనూ 64 జీబీ కార్డు కొన్నాను. వీడియోలకు, పీడీఎఫ్‌లకు అది బాగా పనికివచ్చింది, అబద్ధమెందుకు. ఆటలనూ యాప్‌లనూ అందులోకి తరలించాలంటే మాత్రం కుదరలేదు. కార్డును లోపలి స్టోరేజీలో భాగంగా కలుపుకునే వీలు ఆండ్రాయిడ్‌లో 2015లో వచ్చిన ఆరో వెర్షన్ నుంచీ ఉంది, కాని ఆ వీలును ఉంచడమో తీసేయడమో తయారీదారు ఇష్టం. మా ట్యాబ్‌లో తీసేశారు. పెట్టె మీద ‘512 జీబీ వరకు పెంచుకోవచ్చు’ అన్నది మాత్రం అలాగే ఉంది.

వాపసు సంగతి: అమ్మిన సైటులో ఏడు రోజుల లోపు, అదీ పరికరం చెడిపోతే మార్పిడి మాత్రమే. ‘ఆటలు ముందుగా ఉండడం లోపం కాదు, పరికరం సరిగా పనిచేస్తోంది’ అన్నది వారి జవాబు. కంపెనీకి రాస్తే తరవాతి కొనుగోలులో 500 రూపాయలు తగ్గింపు ఇస్తామన్నారు. మళ్లీ వారి సరుకే కొనాలన్నమాట. అప్పుడు జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోన్ చేసి ఫిర్యాదు నమోదు చేయించాను. అక్కడ తేలకపోతే, 2020 జులై నుంచి అమలులో ఉన్న 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టం కింద జిల్లా కమిషన్‌కు వెళ్లవచ్చు. అయిదు లక్షల లోపు కొనుగోళ్లకు రుసుము లేదు, సమస్య తలెత్తిన నాటి నుంచి రెండేళ్ల గడువు ఉంది. అయితే పెట్టె అడుగున ఉన్న ఆ సన్నటి వాక్యం వల్ల నా వాదన కొంత బలహీనపడుతుందని నాకు తెలుసు. అందుకే మీరు పెట్టెను, బిల్లును, మొదటి రోజు స్టోరేజీ పేజీ స్క్రీన్‌షాట్‌ను దాచి ఉంచండి. నా దగ్గర ఆ స్క్రీన్‌షాట్ ఉంది కాబట్టే ఫిర్యాదులో అంకెలు రాయగలిగాను.

పోయిన నెల గుంటూరులో మా చెల్లెలి కూతురికి ట్యాబ్ కొనవలసి వచ్చింది. ఈసారి ఆన్‌లైన్ జోలికి పోలేదు. దుకాణంలో ప్రదర్శనకు పెట్టిన ట్యాబ్‌లో సెట్టింగ్స్ తెరిపించి ఖాళీ ఎంత ఉందో చూశాము, తెర మీది ప్రతి ఆటనూ నొక్కి పట్టుకుని అన్‌ఇన్‌స్టాల్ వస్తుందో లేదో పరీక్షించాము. మొదటి రెండు ట్యాబ్‌లలో రాలేదు. సేల్స్ కుర్రాడు విసుక్కున్నాడు, మా చెల్లెలు నా మోచేయి గిల్లింది. మూడోది 128 జీబీది, ధర నాలుగు వేలు ఎక్కువ; అందులో ఖాళీ 104 జీబీ ఉంది, ఉన్నది ఒకే ఒక్క ఆట, అదీ అక్కడికక్కడే పోయింది. మా పెట్టెను మా ముందే విప్పించి, మొదటి తెరల్లోని టిక్కులన్నీ తీసేయించి, స్టోరేజీ పేజీని ఫోన్‌తో ఫొటో తీసుకున్న తరవాతే డబ్బు కట్టాము.