నెల్సన్‌ను చూడాలంటే లండన్ కంటే పోర్ట్స్‌మౌతే మేలు

లండన్ వచ్చిన మనవాళ్లు ట్రఫాల్గర్ స్క్వేర్‌లో సింహాల పక్కన ఫొటో దిగి, బ్రిటిష్ నౌకాసేనాని నెల్సన్‌ను చూసేశాం అనుకుంటారు. మెడ నొప్పి పుట్టేదాకా తలెత్తి చూసినా స్తంభం మీది మనిషి ముఖం సరిగ్గా కనపడదు. ఆయన నౌకాదళంలో ఎలా బతికాడో తెలియాలంటే వాటర్లూలో రైలెక్కి పోర్ట్స్‌మౌత్ వెళ్లాలి. ప్రయాణం దాదాపు రెండు గంటలు. ముందు పోర్ట్స్‌మౌత్ అండ్ సౌత్‌సీ అని ఇంకో స్టేషన్ వస్తుంది, అక్కడ దిగకండి. ఆఖరిదైన హార్బర్ స్టేషన్‌లో దిగితే డాక్‌యార్డ్ గేటు పక్కనే.

నెల్సన్ యుద్ధనౌక విక్టరీ 1765లో నీళ్లలోకి దిగింది, 1922 నుంచి ఇక్కడే డ్రై డాక్‌లో, అంటే నీళ్లు తోడేసిన రేవులో ఉంది. ఏళ్ల తరబడి నడుస్తున్న మరమ్మతుల వల్ల బయట పరంజాలే కనిపిస్తాయి. ఫొటోల కోసమే వెళ్తే నిరాశ తప్పదు. అసలు సరుకంతా లోపలే. అడ్మిరల్ గదిలో పెద్ద కిటికీలు, నున్నటి భోజనబల్ల, కావలసినంత వెలుతురు. అక్కణ్నుంచి కింది అంతస్తుకు దిగితే నడుం వంచక తప్పదు. నెల్సన్ ప్రాణాలు విడిచిన ట్రఫాల్గర్ సముద్రయుద్ధం నాడు ఈ ఓడలో సుమారు 820 మంది ఉన్నారు. తిండి, నిద్ర అన్నీ ఫిరంగుల మధ్యే. పెద్ద ఫిరంగి గుండు 32 పౌండ్లు, అంటే పద్నాలుగున్నర కిలోలు. పైడెక్కు మీద నెల్సన్ తూటా తగిలి పడిన చోట చిన్న ఇత్తడి ఫలకం ఉంది. ప్రాణం పోయింది మాత్రం నీటిమట్టానికి దిగువన, దీపాల వెలుగులో. ఆ మూలన నాన్న చాలాసేపు నిలబడిపోయారు.

అమ్మ మాత్రం పైనే ఆగిపోయింది. మెట్లు నిచ్చెనల్లా నిటారుగా ఉంటాయి, మోకాళ్ల నొప్పులున్నవాళ్లకు కష్టం. పక్కనున్న మేరీ రోజ్ అనే పాత యుద్ధనౌక మ్యూజియంలో లిఫ్టు ఉంది, పెద్దవాళ్లను అక్కడికి పంపడం మంచిది. టికెట్ చవకేమీ కాదు, ముందే ఆన్‌లైన్‌లో తీసుకోండి. పులిహోర కట్టుకెళ్లాం కాబట్టి తిండికి ఇబ్బంది పడలేదు.

బస విషయంలో సౌత్‌సీలో సముద్రం కనిపిస్తుందని ఒక గెస్ట్‌హౌస్ తీసుకున్నాం. మూడో అంతస్తు, లిఫ్టు లేదు, రెండో మనిషి స్నానానికి వెళ్లేసరికి వేడినీళ్లు అయిపోయేవి. డబ్బు కాస్త ఎక్కువైనా స్టేషన్ దగ్గరి గన్‌వార్ఫ్ కీస్ వైపు ఉండటమే నయం. సౌత్‌సీకి సాయంత్రం షికారుకు వెళ్తే చాలు. 1805 సెప్టెంబరు 14న నెల్సన్ ఆఖరిసారి ఇంగ్లండ్ నేల విడిచింది ఆ ఒడ్డునుంచే.

రెండో ప్రాధాన్యం లండన్‌లోని గ్రీనిచ్‌కు ఇస్తాను. నేషనల్ మారిటైమ్ మ్యూజియంలోకి ప్రవేశం ఉచితం. ఆయన చివరిరోజు వేసుకున్న కోటు అక్కడే ఉంది. ఎడమ భుజం దగ్గర తూటా చిల్లు, ఛాతీ మీద నాలుగు బిరుదు నక్షత్రాలు కుట్టి ఉన్నాయి. పన్నెండేళ్లకే మేనమామ ఓడలో చేరిన పాస్టరుగారబ్బాయి, ఇరవయ్యేళ్లకే కెప్టెన్. 1794లో కోర్సికాలో కుడికన్ను చూపు, 1797లో టెనరీఫ్‌లో కుడిచెయ్యి పోగొట్టుకున్నా ఉద్యోగం వదల్లేదు. 1798లో నైలు యుద్ధం గెలిచి ఇంటింటికీ తెలిసిన పేరయ్యాడు. కుర్రతనంలో సీహార్స్ అనే ఓడలో మన మద్రాసు దాకా వచ్చాడని, జ్వరం పట్టుకుని 1776లో ఇంటికి పంపేశారని చెబితే అమ్మకు అప్పుడు ఆసక్తి పుట్టింది. "మన దోమలు మామూలువా!" అంది.

పక్కనే ఉన్న పెయింటెడ్ హాల్‌లో అప్పట్లో ఆయన శవపేటికను జనం దర్శనానికి ఉంచారు. ఆ హాల్‌కు టికెట్ ఉంది, ఆ పైకప్పు చిత్రాల కోసమైనా కొనొచ్చు. లండన్‌లోని సెయింట్ పాల్స్ చర్చి నేలమాళిగలో ఆయన సమాధి ఉంది, దాని నల్లరాయి పేటిక నిజానికి ఎనిమిదో హెన్రీ రాజు మంత్రి కార్డినల్ వుల్సీ కోసం చేయించింది. ఒక్క సమాధి కోసమే అయితే అంత టికెట్ దండగ, గోపురం కూడా ఎక్కే ఓపిక ఉంటేనే వెళ్లండి. పుట్టిన ఊరు బర్న్‌హామ్ థార్ప్ నార్ఫోక్‌లో మారుమూల పల్లె, పుట్టిన ఇల్లు ఇప్పుడు లేదు. సొంత కారు లేనివాళ్లు ఆ ఊసే ఎత్తొద్దు.