బీచ్ కన్నా ముందు ఆటోనగర్

12 కిలోల 400 గ్రాముల ఇత్తడి రజను గోనెసంచిలో మూటగట్టుకుని రాజమండ్రిలో రత్నాచల్ ఎక్కాను. విశాఖ వెళ్తూ ఇదేం సామానని మా ఆవిడ స్టేషన్ దాకా సణుగుతూనే ఉంది. నాది చిన్న లేతు వర్క్‌షాపు. లేతు మిషను మీద ఇత్తడిని చెక్కి బుష్షులు తీసేటప్పుడు రాలే రజను పోగేసి ఏడాదికోసారి ఊళ్ళోనే అమ్మేస్తుంటాను. ఈసారి మా మేనల్లుడికి ఇంజినీరింగ్ చివరి ఏడాది ప్రాజెక్టు తుక్కు రీసైక్లింగ్ మీద పడింది. నాకేమో ఒక సెకండ్‌హ్యాండ్ చక్, అదే లేతులో ముక్కని బిగించి పట్టే భాగం, కావాలి. రెండు పనులకీ గాజువాక ఆటోనగరే దారి. రేటు తేడా ఎంతుంటుందో అదీ చూద్దామని వాణ్ణి వెంటబెట్టుకుని రజను కూడా పట్టుకెళ్ళాను.

గాజువాక వైపు పనున్నవాళ్ళు విశాఖ స్టేషన్ దాకా పోవద్దు, దువ్వాడలో దిగిపోండి. ఊరంతా దాటి వెనక్కి రావడం తప్పుతుంది. కాకపోతే దువ్వాడ బయట ఆటోవాళ్ళు మూట చూడగానే రేటు పెంచేశారు. రోడ్డు మీదకు నడిచి షేర్ ఆటో ఎక్కాం.

గాజువాకలో మెయిన్ రోడ్డు మీద లాడ్జి. ఫోన్‌లో చూసిన ఫొటోలకీ గదికీ పోలికే లేదు. బుకింగ్‌లో 24 గంటలు అని ఉంది, కౌంటర్ దగ్గర మాత్రం "పొద్దున పదింటికి ఖాళీ చెయ్యాలండి" అన్నారు. టవల్ అడిగితే మర్నాడు ఇచ్చారు. కిటికీ హైవే వైపు. రాత్రంతా లారీల హారన్లు. పిల్లలతో వచ్చేవాళ్ళకి నేను చెప్పను. పనిమీద వచ్చి నడుం వాల్చేవాడికి ఆటోనగర్ పది నిమిషాల దూరం, అదొక్కటే దాని గొప్ప. పక్క సందులో మెస్సు మాత్రం బంగారం. చేపల పులుసు, ముద్దపప్పు, అడిగినన్నిసార్లు అన్నం.

పొద్దున్నే ఆటోనగర్‌లో అడుగుపెడితే మా వాడు కాసేపు మాట్లాడలేదు. బయటి నుంచి చూస్తే అంతా తుప్పే. లోపల నిలబడి చూస్తే కలిసిపోయిన కుప్ప ఒక్కటీ కనబడదు. బీడు (పోత ఇనుము) ఒకచోట, రేకు ఒకచోట, కమ్మీ ముక్కలు ఒకచోట, గేరు బాక్సులు, ఆల్టర్నేటర్లు, రేడియేటర్లు వేటికవే. దేని రేటు దానిది. "ఇందులో తుక్కు ఎక్కడుంది మావయ్యా, అంతా సరుకే కదా" అన్నాడు వాడు. ప్రాజెక్టు రిపోర్టుకి మొదటి వాక్యం దొరికిందిరా అన్నాను.

మొదటి కొట్టులో నా మూట కాటా మీద పెడితే 11 కిలోల 650 చూపించింది. ఇంట్లో రెండుసార్లు తూచుకొచ్చాను. అడిగితే "మాది సీలు వేసిన కాటా అండి" అన్నాడు. పైగా నూనె తడి ఉందని ఇంకో అరకిలో తరుగు తీస్తానన్నాడు. దణ్ణం పెట్టి మూట ఎత్తుకున్నాను.

రెండో కొట్టు ఒక సందు లోపల. గుమ్మం దగ్గర ఒక పెద్దావిడ పీట మీద కూర్చుని కుళాయిలు, వాల్వులు ఏరుతోంది. ఒళ్ళో పాత స్పీకరు నుంచి ఊడదీసిన గుండ్రటి అయస్కాంతం, దానికి కట్టిన చీర అంచు పీలిక. ఒక ముక్క తీస్తుంది, అయస్కాంతం తాకిస్తుంది, అంటుకుంటే ఎడమకి, లేకపోతే ఆకురాయితో ఒక గీత. గీత పసుపైతే ఒక గంప, ఎర్రగా ఉంటే ఇంకోటి, తెల్లగా ఉంటే చేత్తో బరువు చూసి అల్యూమినియమో స్టీలో తేల్చేస్తుంది. ఒక్కో ముక్కకి రెండు సెకన్లు పట్టడం లేదు. నేను 22 ఏళ్ళుగా లేతు ముందు నిలబడుతున్నాను. గ్రైండర్ మీద నిప్పురవ్వలు చూసి ఇనుము రకం చెప్పగలను. అంత వేగం నాకు రాదు.

"ఏటి బాబూ, ఫొటోలు తీస్తన్నాడు మీ కుర్రోడు?" అంది. కాలేజీ పనమ్మా అన్నాను. నా మూట విప్పించి, ఆ అయస్కాంతాన్ని పాత గుడ్డలో చుట్టి ఇత్తడి రజనులో గుండ్రంగా తిప్పింది. పైకి తీసేసరికి గుడ్డ మీద నల్లటి మీసాల్లా ఇనుప పొడి. "మీ ఇత్తడిలో ఇనుం ఉన్నాది బాబూ. ఒకే మిషను మీద రెండూ తీస్తన్నారు గావాల." నిజమే. మా కుర్రాడు ట్రే తుడవకుండానే ఇనుము ఎక్కిస్తాడు, నేను చూసీ చూడనట్టు వదిలేస్తాను. నాలుగైదుసార్లు తిప్పి గుడ్డ దులిపితే వచ్చింది 200 గ్రాముల పైనే. అక్కడ కాటా 12 కిలోల 350 చూపించింది, ఇనుము పోగా మిగిలిన దానికి డబ్బులిచ్చారు. మొదటి కొట్టు కన్నా కిలోకి 20 రూపాయలు ఎక్కువ. శుభ్రమైన సరుక్కే ఆ రేటని ఓనరు చెప్పాడు. ఇన్నేళ్ళూ మా ఊళ్ళో ఎంత వదులుకున్నానో లెక్క వేసుకోలేదు, వేసుకుంటే నిద్ర పట్టదు.

ఓనరు మంచి మాటకారి. టీ తెప్పించి గంట కూర్చోబెట్టాడు. విదేశాలతో వ్యాపారం చేసే పెద్ద తుక్కు కంపెనీలు ఇత్తడి తుక్కుని 'హనీ' అంటాయట, రాగి తీగలో ఒక రకం 'బెర్రీ', ఇంకా మెరిసేది 'బార్లీ'. ఇవన్నీ అమెరికా తుక్కు వ్యాపారుల సంఘం పెట్టిన కోడ్ పేర్లు. తీగని తగలబెట్టి తీసిన రాగికి రేటు తక్కువ, ఒలిచి తీసిన రాగికి ఎక్కువ. అయినా కొందరు తగలబెడతారు, ఒలిచే ఓపిక లేక. ఆ ప్లాస్టిక్ పొగలో డయాక్సిన్లనే విష పదార్థాలు ఉంటాయి, రేటు పడేది అమ్మినవాడికైతే ఊపిరి పోయేది చుట్టుపక్కల ఇళ్ళకి. ఆ వాసన ఒక సందు మలుపులో మాకూ తగిలింది.

అన్నిటికన్నా ఆయనకి టెన్షన్ పెట్టేది పన్ను కాగితాలట. 2024 అక్టోబరు నుంచి రిజిస్ట్రేషన్ లేనివాడి దగ్గర లోహపు తుక్కు కొంటే, దాని మీద జీఎస్టీ కొన్నవాడే కట్టాలి. ఇనుప తుక్కుకి అది 18 శాతం. వీధుల్లో ఉల్లిపాయలిచ్చి పాత సామాను కొనుక్కొచ్చే సైకిలు అబ్బాయికి రిజిస్ట్రేషన్ ఎక్కడినుంచి వస్తుంది? ఈ పరిశ్రమంతా మొదలయ్యేది మాత్రం ఆ సైకిలు దగ్గరే.

ఏరడం మీద మా వాడికి అప్పటిదాకా చిన్నచూపు. ఫర్నేసులో వేస్తే అన్నీ కరిగిపోతాయిగా అన్నాడు. కరుగుతాయిరా, కానీ రాగి ఇనుములో కలిస్తే మళ్ళీ విడిరాదు. ఇనుములో మలినాలు చాలావరకు ఆక్సిజన్‌తో కాలిపోయి చిట్టెంలోకి పోతాయి. రాగి పోదు. రాగి ఎక్కువైన ఉక్కుని ఎర్రగా కాల్చి సాగదీస్తే పైపొర పగుళ్ళు ఇస్తుంది. మోటారు లోపలి రాగి తీగ చుట్టతో సహా ఇనుప బాడీని ఫర్నేసులో పడేస్తే చెడేది ఆ ఒక్క మోటారు కాదు, ఆ కరుగు మొత్తం. నేను చెప్పింది వాడు పక్కనే నిలబడి నోట్సులో రాసుకున్నాడు. జన్మలో మొదటిసారి.

మధ్యాహ్నం కూర్మన్నపాలెం వైపు వెళ్ళాం. స్టీలు ప్లాంటు లోపలికి అనుమతి లేకుండా పోనివ్వరు, దానికోసం ఎవరినీ బతిమాలలేదు. దూరం నుంచే గొట్టాలు కనబడతాయి. లోపల మూడు బ్లాస్ట్ ఫర్నేసుల పేర్లు గోదావరి, కృష్ణ, అన్నపూర్ణ. మా గోదావరి పేరు మొదటి ఫర్నేసుకే పెట్టారని మా వాడి దగ్గర కాస్త గొప్పలు పోయాను. ఉద్యమంలో 32 మంది ప్రాణాలిస్తే వచ్చిన ప్లాంటు, 1971లో శంకుస్థాపన జరిగి 1992లో జాతికి అంకితమైంది. దానికి సొంత ఇనుప గనులు లేవు. ఖనిజం బైలదిల్లా నుంచి రైల్లో, కోకింగ్ బొగ్గు ఎక్కువగా విదేశాల నుంచి ఓడల్లో రావాలి. కేంద్రం 2019లో తెచ్చిన ఉక్కు తుక్కు విధానం ప్రకారం ఒక టన్ను తుక్కు వాడితే 1.1 టన్నుల ఖనిజం, 630 కిలోల కోకింగ్ బొగ్గు, 55 కిలోల సున్నపురాయి మిగులుతాయి. ఆ లెక్క కాగితం మీద చదివితే ఏమీ అనిపించదు. ఆటోనగర్‌లో లారీ మీద తుక్కు చూసి, అరగంట తర్వాత ఇక్కడ నిలబడితే అర్థమవుతుంది. ఆ లారీలో ఉన్నది కొండని తవ్వకుండా వచ్చిన ఖనిజం. ఇలాంటి ప్లాంట్లలో కూడా కన్వర్టర్‌లో ఆక్సిజన్ ఊదేటప్పుడు వేడి మరీ ఎక్కకుండా కొంత తుక్కు కలుపుతారు. అల్యూమినియం సంగతైతే చెప్పక్కర్లేదు. ఖనిజం నుంచి తీసేదానితో పోలిస్తే పాతది కరిగిస్తే కరెంటూ ఇంధనమూ 95 శాతం దాకా ఆదా.

ఆ సాయంత్రమే లాడ్జి ఖాళీ చేసి జగదాంబ జంక్షన్ దగ్గర చిన్న హోటల్‌కి మారాం. అద్దె దాదాపు రెట్టింపు, గది సగం. కానీ దుప్పటి తెల్లగా ఉంది, వేడినీళ్ళు అడగకుండా వచ్చాయి, రాత్రి నిశ్శబ్దం. విశాఖ చూడ్డానికే వచ్చేవాళ్ళు ఇటువైపే దిగండి. బీచ్‌కి నడక దూరం కాకపోయినా ఆటోకి పెద్దగా అవదు.

మర్నాడు కురుసుర చూశాం. సోమవారం సెలవు, మిగతా రోజుల్లోనూ టైము కనుక్కుని వెళ్ళండి. 1969లో నేవీలో చేరిన జలాంతర్గామి, 2001లో రిటైరై 2002లో బీచ్ రోడ్డు మీద మ్యూజియం అయింది. పొడవు 91 మీటర్లు. నేవీలో చేసిన పెద్దాయన ఒకరు లోపల ఓపిగ్గా చెప్పారు. టికెట్టు డబ్బుకి పూర్తి న్యాయం. నా బుద్ధి మాత్రం పోలేదు, ఆ ఇత్తడి వాల్వులూ రాగి పైపులూ చూస్తూ మనసులో తూకం వేస్తూనే ఉన్నాను. దానికి ఎదురు కథ పాత విమానవాహక నౌక విక్రాంత్‌ది. 1971లో దాన్ని వేటాడ్డానికి వచ్చిన పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ ఈ విశాఖ తీరంలోనే మునిగిపోయింది. బతికిన విక్రాంత్ 1997లో రిటైరై, కొన్నేళ్ళు ముంబైలో మ్యూజియంగా ఉండి, 2014లో తుక్కు కింద ముక్కలైంది. ఆ లోహంలో కొంత వాడి 2016లో బజాజ్ వాళ్ళు 'వీ' మోటారు సైకిల్ తెచ్చారు. "మావయ్యా, మ్యూజియం అవ్వడం మంచిదా, బైకు అవ్వడం మంచిదా?" అన్నాడు మా వాడు. వెంటనే జవాబు తోచలేదు. ఉప్పుగాలికి ఈ కురుసురకి రంగులు వేయిస్తూ ఉండే ఖర్చు తలుచుకుంటే బైకే నయమేమో అనిపించింది, కానీ పిల్లలు క్యూలో నిలబడి లోపలికి తొంగి చూస్తుంటే ఆ మాట పైకి అనలేకపోయాను.

తెన్నేటి పార్కు దగ్గర 2020 అక్టోబరులో వాయుగుండానికి ఒడ్డుకు కొట్టుకొచ్చిన బంగ్లాదేశ్ ఓడ 'ఎంవీ మా' గుర్తుందా? దాన్ని రెస్టారెంటు చేస్తామన్నారు, అనుకున్నట్టు అవలేదు. కైలాసగిరి, రుషికొండ మామూలే. భీమిలి వైపు కాపులుప్పాడలో ఊరి చెత్త యార్డు, చెత్త కాల్చి కరెంటు తీసే ప్లాంటు ఉన్నాయి. బస్సులోంచి చూసి ముందుకెళ్ళిపోయాం. ఏరినవాళ్ళు ఏరగా మిగిలిన చెత్త కాల్చితే సరేగానీ, ఏరకుండా కాల్చితే ఆ పెద్దావిడ గంపల్లోకి వెళ్ళాల్సింది బూడిదవుతుందని మాత్రం అనిపించింది.

సాయంత్రం ఆర్కే బీచ్‌లో మురీ మిక్చర్. పొట్లం విప్పితే ఎవరో పదో తరగతి అబ్బాయి లెక్కల పరీక్ష కాగితం, 100కి 31. మా వాడు దాచుకుంటానన్నాడు.

చక్ విషయం చెప్పలేదు కదా. మూడో రోజు పొద్దున మళ్ళీ ఆటోనగర్ వెళ్ళి అదే ఓనరు చెప్పిన కొట్టులో కొన్నాను. దవడలు కొంచెం అరిగాయి, దవడల్ని కదిపే స్క్రోలు బాగుంది, కొత్తదాని ధరలో మూడోవంతు. ఇత్తడి డబ్బులకి మరికొంత కలిపితే సరిపోయింది. వెళ్ళేముందు పెద్దావిడకి ఫొటోలు చూపించాం. నవ్వి, గంపలోంచి ఇంకో స్పీకరు అయస్కాంతం తీసి మా వాడి చేతిలో పెట్టింది. "చదూకుంతన్నావు గదా, ఉంచుకో." డబ్బులిస్తే తీసుకోలేదు. ఆవిడ వేళ్ళకి గ్లవ్స్ లేవు. ఎందుకు లేవని ఓనర్ని అడిగాను, ఇస్తే వేసుకోదండి అన్నాడు. వేళ్ళ చివర తెలియదు బాబూ అని ఆవిడ అంది. ఇద్దరిలో ఎవరి మాట నిజమో, రెండూ నిజమో.

తిరుగు రైల్లో మా వాడు దొరికినదానికల్లా అయస్కాంతం అంటించాడు. కిటికీ ఊచ, సీటు కింద గొలుసు, నా చక్. చివరికి భోజనానికి క్యారేజీ విప్పితే దానికీ టక్కున అంటుకుంది. అసలైన స్టీలని మా ఆవిడ షాపులో గంటసేపు బేరమాడి కొన్న క్యారేజీ అది. అంత గట్టిగా అంటుకుందంటే బహుశా నికెల్ లేని రకం అన్నమాట.

"అత్తయ్యకి చెప్పనా మావయ్యా?"

"అన్నం తినరా ముందు" అన్నాను.