డూలిన్ రేవు నుంచి మోహర్ కొండగోడల కిందికి: గంటసేపు పడవ ప్రయాణం

ఐర్లాండ్‌లోని డబ్లిన్‌లో ఉంటున్న ఈ ఏడేళ్లలో, క్లిఫ్స్ ఆఫ్ మోహర్ అనే సముద్రతీరపు కొండగోడలను మేము పైనుంచి మూడుసార్లు చూశాము. ఇండియా నుంచి చుట్టాలెవరు వచ్చినా మొదట తీసుకువెళ్లేది అక్కడికే. ఈ జూన్‌లో విశాఖపట్నం నుంచి మా అమ్మ వచ్చినప్పుడు, ఈసారి కొండ పైకి కాకుండా కొండ అడుగుకు వెళ్దామని మా ఆవిడ అన్నది. అలా జూన్ చివరి వారంలో, కౌంటీ క్లేర్‌లోని డూలిన్ రేవు నుంచి బయలుదేరే గంటసేపటి పడవ ప్రయాణం చేసి వచ్చాము. దానికి ఐదింటికి నాలుగు మార్కులు వేస్తాను. తగ్గిన ఆ ఒక్క మార్కు టికెట్లు అమ్మిన సంస్థ ఖాతాలోకి పోతుంది; దాని సంగతి ముందే చెప్పేస్తే మిగతాది ప్రశాంతంగా రాసుకోవచ్చు.

మేము కొన్నది శుక్రవారం ఉదయం పదకొండు గంటల పడవకు. డబ్లిన్ నుంచి డూలిన్‌కు కారులో మూడున్నర గంటలు పడుతుంది కాబట్టి తెల్లవారుజామునే లేచి, పులిహోర కట్టుకుని బయలుదేరాము. సగానికి పైగా దారి వెళ్లాక, ఆనాటి పడవలన్నీ రద్దయ్యాయని ఫోనుకు సందేశం వచ్చింది. బయట ఎండ కాస్తోంది, ఆకు కదలడం లేదు. మొదట నాకు కోపం వచ్చిన మాట నిజమే కానీ, డూలిన్ చేరి రేవు దగ్గర నిలబడ్డాక రద్దు చేయడంలో తప్పు లేదని అర్థమైంది. అట్లాంటిక్‌లో ఎక్కడో వందల మైళ్ల దూరాన తుపాను రేగితే దాని ఊపు పొడవాటి అలలుగా మారి, గాలి లేని రోజున కూడా ఈ తీరానికి వచ్చి తగులుతుంది. రేవులో కట్టిన పడవ నిలువెత్తు పైకి లేచి దిగుతోంది. అందులోకి మనిషిని ఎక్కించడం సాధ్యమయ్యే పని కాదు. అందువల్ల రద్దుకు నేను మార్కు తగ్గించలేదు. అలల సూచన ముందురోజు రాత్రికే తెలిసి ఉండగా సందేశాన్ని మర్నాడు తొమ్మిదింటికి పంపడం ఒకటి, రద్దు చేసింది వాళ్లే అయినప్పటికీ మరుసటి రోజు ఉదయం బదులు మధ్యాహ్నం పడవకు మార్చమని అడిగితే తలకు ఇంతని అదనంగా వసూలు చేయడం రెండు, ఈ రెండింటికీ తగ్గించాను. డబ్బు వెనక్కి కావాలంటే ఇస్తామన్నారు గానీ, అంత దూరం వచ్చినవాళ్లు వెనక్కి తీసుకోరని వాళ్లకూ తెలుసు. ఆ రాత్రికి డూలిన్‌లోనే గది తీసుకున్నాము.

మధ్యాహ్నానికే మారడానికి నేను అంత పట్టుబట్టడానికి కారణం ఉంది; ఇక్కడికి వెళ్లాలనుకునేవారు టికెట్ కొనే ముందు తెలుసుకోవలసిన మొదటి విషయం అదే. మోహర్ కొండగోడలు పడమటికి ముఖం చేసి ఉంటాయి. పొద్దున పూట సూర్యుడు వాటి వెనుక ఉంటాడు కాబట్టి పడవలోంచి చూస్తే నల్లటి నీడ తప్ప వివరమేదీ కనిపించదు. అంతేకాక, వేసవిలో గడియారాన్ని ఒక గంట ముందుకు జరుపుతారు, పైగా క్లేర్ ఐర్లాండ్‌కు పడమటి అంచున ఉంది. ఈ రెండు కారణాల వల్ల జూన్‌లో అక్కడ అసలైన మిట్టమధ్యాహ్నం గడియారంలో ఒకటిన్నర దాటాక గాని రాదు. పదకొండు గంటల పడవ అంటే సూర్యుడి లెక్కలో పొద్దున తొమ్మిదిన్నర కూడా కాలేదన్నమాట. మేము చివరికి ఎక్కింది మూడు గంటల పడవ. రాతి పొరలన్నీ విడివిడిగా, పసుపు కలిసిన గోధుమ రంగులో వెలుగుతూ కనిపించాయి. మాకు ఎదురుగా తిరిగి వస్తున్న పడవలోని వాళ్లూ కెమెరాలు దించలేదు.

రేవులో ఒకటికి మించిన సంస్థలు పడవలు నడుపుతున్నాయి. మార్చి మధ్య నుంచి అక్టోబరు దాకా మాత్రమే ఇవి తిరుగుతాయి. పెద్దలకు టికెట్ 20 యూరోలకు పైన పడింది. గంట అని రాసి ఉన్నా, కొండ దగ్గరికి వెళ్లడానికి ఇరవై నిమిషాలు, రావడానికి ఇరవై నిమిషాలు పోగా, అడుగున పడవ మెల్లగా తిరిగేది మరో ఇరవై నిమిషాలేనని ముందే లెక్కవేసుకోవాలి. ఇది మోసమేమీ కాదు. దారి కూడా చూడవలసిందే.

ఎక్కడం విషయంలో పెద్దవాళ్లను తీసుకువెళ్లేవారు జాగ్రత్తపడాలి. తడిసిన మెట్లు దిగి, రేవు గోడకూ పడవకూ మధ్య ఉండే సందును ఒక్క అడుగులో దాటాలి. మా అమ్మకు అరవై ఎనిమిదేళ్లు, మోకాళ్ల నొప్పులు. పడవ సిబ్బందిలో ఇద్దరు కుర్రాళ్లు ఆమెకు చేయి అందించి ఊరుకోలేదు. చెరొకవైపు మోచేయి కింద పట్టుకుని, అల పడవను పైకి ఎత్తే దాకా ఆగి, సరిగ్గా పడవ అంచు రేవుతో సమానమైన క్షణంలో "నౌ" అని ఆమెను లోపలికి తెచ్చారు. టికెట్ గది మీద ఉన్న కోపం అక్కడితో సగం దిగిపోయింది. చక్రాల కుర్చీలో వచ్చేవారు మాత్రం ముందుగా ఫోన్ చేసి కనుక్కోకుండా బయలుదేరకూడదు.

పైఅంతస్తులో కూర్చోదలచుకుంటే వెళ్లేటప్పుడు ఎడమవైపు బల్లలు చూసుకోవాలి. పడవ నైరుతి దిశగా పోతుంది కాబట్టి తీరమంతా ఎడమ చేతికి వస్తుంది. అందరూ ముందువైపుకు తోసుకుపోతారు గానీ ముందు కూర్చున్నవారికి దక్కేది నీటి తుంపరలే.

రేవు దాటగానే క్రాబ్ ఐలండ్ అనే చిన్న రాతి దిబ్బ వస్తుంది. ఇక్కడి దాకా రాయి సున్నపురాయి, బూడిద రంగు. కొంత దూరం వెళ్లాక తీరం మెల్లగా పైకి లేవడం మొదలుపెట్టి, రాయి రంగు మారి, నల్లటి పొర మీద లేత పొర, దాని మీద మళ్లీ నల్లటి పొర కనిపిస్తాయి. ఇవి దాదాపు 32 కోట్ల ఏళ్ల కిందట ఒక పెద్ద నది తన ముఖద్వారం దగ్గర తెచ్చి పోసిన బురద, ఇసుక. బురద గట్టిపడి షేల్ అయింది, ఇసుక ఇసుకరాయి అయింది. గోదావరి లంకల్లో ఒండ్రు పేరుకున్నట్టే ఇదీ పేరుకున్నది, మధ్యలో 32 కోట్ల ఏళ్లు గడిచాయి అంతే. మా అమ్మ ఆ పొరలను చూసి, "బీరువాలో చీరలు దొంతర పెట్టినట్టున్నాయి కదరా" అన్నది. పైనుంచి మూడుసార్లు చూసినా నాకు ఆ దొంతర కనిపించలేదు. అక్కడ మన కాళ్ల కింద ఉన్న రాతి ముఖం మనకు కనిపించదు, దూరాన ఉన్న కొండకొమ్ముల పక్కవాటు మాత్రమే కనిపిస్తుంది.

కిందనుంచి చూస్తే కొండ ఎలా విరుగుతుందో కూడా తెలుస్తుంది. మెత్తటి షేల్ పొరను ఉప్పుగాలీ వానా తొలిచివేస్తాయి. దాని మీది ఇసుకరాయి ఆసరా లేక బయటికి పొడుచుకుని వేలాడుతుంది. కొన్నాళ్లకు అదీ ఊడి సముద్రంలో పడుతుంది. ఒకచోట కొత్తగా ఊడిన జాగా పాత గోడకు తాజాగా సున్నం వేసినట్టు లేత రంగులో ఉంది, దాని కింద నీళ్లలో ఇల్లంత బండలు పడి ఉన్నాయి. సరిగ్గా ఆ పైన, గడ్డి అంచున ఎర్ర కోటు తొడుక్కున్న మనిషి ఒకరు నిలబడి ఉన్నారు. అంత దూరం నుంచి ఆ మనిషి కుంకుమ బొట్టంత కనిపించారు. తాము నిలబడిన రాయి కింద ఖాళీయేనని వారికి తెలిసే అవకాశం లేదు. 2024లో పైనున్న కాలిబాటలో కొన్ని భాగాలను ఎందుకు మూసివేశారో నాకు అప్పుడు పూర్తిగా అర్థమైంది.

గోడ అత్యధిక ఎత్తు 214 మీటర్లు. ఆ చోటికి దగ్గరలోనే 1835లో కార్నీలియస్ ఓబ్రయన్ అనే భూస్వామి కట్టించిన బురుజు ఉంది. పైన టికెట్ కొని ఎక్కే ఆ బురుజు, కిందనుంచి చదరంగంలోని ఏనుగు పావులా కనబడుతుంది. డాల్ఫిన్స్ నోస్ కొండను ఇంటి డాబా మీదినుంచి చూస్తూ బతికిన మా అమ్మ, దీనితో దాన్ని పోల్చడానికి రెండుసార్లు ప్రయత్నించి, "దానికి చెట్లున్నాయి, ఏటవాలుంది, ఇది గోడే" అని ఊరుకున్నది.

బ్రనాన్‌మోర్ అనే 67 మీటర్ల రాతి స్తంభం ఈ ప్రయాణం మొత్తంలో విలువైన ఘట్టం. ఒకప్పుడు కొండలో భాగమే అయినా, మధ్యలోని రాతిని సముద్రం కోసివేయగా ఒంటరిగా మిగిలింది. సరంగు పడవ వేగం తగ్గించి దాని చుట్టుపక్కలకు తీసుకువెళ్తాడు. అక్కడికి చేరకముందే వాసన తగులుతుంది. భీమిలిలో చేపలు ఎండబెట్టే ఇసుక దగ్గర నిలబడితే వచ్చే వాసనే, కాస్త ఘాటుగా. తరువాత చప్పుడు వినబడుతుంది. ఆ తరువాత గాని, స్తంభం మీది ప్రతి అంచునా నల్ల కోటు తెల్ల చొక్కా వేసుకున్నట్టు నిలబడినవి గిల్లమాట్, రేజర్‌బిల్ పక్షులని తెలియదు. గిల్లమాట్‌లు గూడు కట్టవు, గుడ్డును ఉత్త రాతి మీదే పెడతాయి. పిల్లకు మూడు వారాలైనా నిండీ నిండకముందే, సరిగా ఎగరడం రాకుండానే అది అంచు నుంచి నీళ్లలోకి దూకుతుంది. కింద తండ్రి పక్షి పిలుస్తూ ఉంటుంది. మా ఎదుట ఏదీ దూకలేదు గానీ, పడవ పక్కనే ఒక పెద్ద పక్షీ దాని వెనుక పిడికెడంత పిల్లా ఈదుకుంటూ పోవడం మా అబ్బాయి చూపించాడు.

అందరూ వెతికేది పఫిన్‌ల కోసం. రంగురంగుల ముక్కున్న ఈ పక్షి ఫోటోల్లో కనిపించేంత పెద్దది కాదు, పావురం కంటే చిన్నదిగానే ఉంటుంది. ఏప్రిల్‌లో వచ్చి జూలై గడిచేసరికి సముద్రం మీదికి వెళ్లిపోతాయి కాబట్టి, ఆగస్టు చివర వెళ్లి కనిపించలేదని నొచ్చుకోవడంలో అర్థం లేదు. మాకు నీళ్ల మీద ఐదారు కనిపించాయి. బైనాక్యులర్స్ లేకపోతే అవీ నల్ల చుక్కలే.

వ్యాఖ్యానం సంగతి చెప్పకుండా ఉండలేను. రికార్డు చేసిన గొంతు స్పీకర్లలోంచి వస్తుంది. ఇంజిను హోరులో సగం మాటలు పోతాయి, మిగిలిన సగం మనం దాటి వచ్చిన చోటి గురించి ఉంటాయి. సరంగు మైకు తీసుకుని మాట్లాడిన రెండు నిమిషాలే వినదగినవి. గుహల ముందు పడవను ఆపి, శీతాకాలపు అలల మీద సర్ఫింగ్ చేసేవాళ్లు ఈ గోడ కిందికే వస్తారని, ఆ అలకు ఐలీన్స్ అని పేరని చెప్పింది ఆయనే.

ఇక కడుపు సంగతి. పోయేటప్పుడు ఎవరికీ ఏమీ కాలేదు. పడవ కొండ అడుగున ఇంజిను తగ్గించి నిలబడినప్పుడే అసలు పరీక్ష. గోడకు తగిలి వెనక్కి వచ్చే అల, ఎదురు వచ్చే అల రెండూ కలిసి పడవను నాలుగువైపులా ఊపుతాయి. వాంతి మాత్ర వేసుకోవాలనుకునేవారు ఎక్కడానికి గంట ముందే వేసుకోవాలి, పడవలో వేసుకుంటే ప్రయోజనం ఉండదు. మా అమ్మ మాత్ర వద్దని, విశాఖ నుంచి తెచ్చుకున్న అల్లం మొరబ్బా ముక్క బుగ్గన పెట్టుకున్నది. పక్కన పచ్చగా పాలిపోయిన ఒక జర్మన్ ఆవిడకు కూడా ఒక ముక్క ఇచ్చింది. ఆమె మొదట కారం తగిలి కంగారుపడినా, దిగేటప్పుడు ఇంకొకటి అడిగి తీసుకున్నది. చీర మాత్రం ఈ ప్రయాణానికి పనికిరాదు. పైన వానకోటు తొడిగినా కొంగు ఆగలేదు, చివరికి పిన్నీసులతో బిగించవలసి వచ్చింది. జూన్ అయినా స్వెటరూ చెవులకు టోపీ తప్పనిసరి.

ఒక్కరోజే ఉండి, పైన చూడాలా కింద చూడాలా అని తేల్చుకోలేనివారు ముందు పడవ ఎక్కి, ఆ తరువాత పైకి వెళ్లడం మంచిది. మేము అలాగే సాయంత్రం ఆరింటికి పైకి వెళ్లాము. జూన్‌లో రాత్రి పది దాకా వెలుతురుంటుంది కాబట్టి తొందర లేదు. అప్పటికి బస్సుల్లో వచ్చిన జనం వెళ్లిపోయారు. అమ్మ అంచు దగ్గరికి రానంది, రాతి పలకలతో కట్టిన పిట్టగోడకు ఇవతలే నిలబడి బ్రనాన్‌మోర్ ఎక్కడుందో చూపించమన్నది. చూపించాను. "అంత చిన్నదా" అని, వాసన పైదాకా రావడం లేదని నిర్ధారించుకుని, కారు దగ్గరికి నడిచింది.